తూలుడు స్టెప్పు

తూలుడు స్టెప్పు మీకు తెలిసే ఉంటుంది. తెలీదంటే నేను నమ్మను. పదిహేనేళ్ళుగా పెళ్ళిళ్ళలో, కాలేజీ ఫంక్షన్లలో, ఆఫీసు పార్టీల్లో జనం వేసిందే వేస్తున్నారు. గిర్రున తిరిగి, ఎడమకాలి మీద దబ్బున ఆగి, పడబోయినట్టు ఒక పక్కకి ఒరిగి, చెయ్యి గాల్లోకి విసిరి, మళ్ళీ నిలదొక్కుకోవటం. అంతే. చూసినవాళ్ళు చప్పట్లు కొడతారు. వేసినవాళ్ళు ఏదో ఘనకార్యం చేసినట్టు నవ్వుతారు.

అది స్టెప్పు కాదు. నేను పడబోయాను, అంతే.

ఇలా ఉన్నపళంగా చెప్తే ఎవరైనా నవ్వుతారు. అందుకని మొదట్నించీ చెప్తాను, మధ్యలో అడ్డురాకండి.

అప్పట్లో నేను ఒక సినిమా డాన్స్ మాస్టారి దగ్గర అసిస్టెంటుని. అసిస్టెంటంటే ఏదో అనుకునేరు. హీరోయిన్‌కి స్టెప్పు వచ్చేదాకా ఎదురుగా నిలబడి వేసి చూపించటం, లైట్లు సరిచేసుకునేటప్పుడు ఆమె బదులు ఎండలో నిలబడటం, మాస్టారి గ్లాసులో నీళ్ళు అయిపోకుండా చూసుకోవటం. ఆయన లెక్క నోటితో చెప్పేవారు కాదు. వేలికున్న ఉంగరంతో గ్లాసు మీద కొట్టేవారు. టక్, టక్, టకటక్. ఆ చప్పుడు వింటే చాలు, నా కాలు నా మాట వినేది కాదు, ఆయన మాట వినేది.

ఆ ఏడు ఆయన చేసిన ఒక సినిమా పెద్ద హిట్టయింది. అందులో హీరోయిన్ రైల్వే ప్లాట్‌ఫారం మీద డాన్స్ చేసే పాట మోగని వీధి లేదు. ఆ ఊపులో ఎవరో కంపెనీవాళ్ళు ఆ సినిమా పాటలతో వీడియో గేమ్ చేశారు. టీవీ కింద చిన్న కెమెరా పెడతారు. మన చేతిలో ఏమీ ఉండదు. తెర మీద నీలం రంగు నీడ ఒకటి డాన్స్ చేస్తుంటే, ఎదురుగా నిలబడి మనమూ అలాగే చెయ్యాలి. కాలు సరిగ్గా పడితే పచ్చ మెరుపు, తప్పితే ఎర్ర గీత. పాట అయ్యాక నూటికి ఇన్ని అని మార్కులు. అట్టపెట్టె మీద హీరోయిన్ మొహం ఉంటుంది. లోపల ఎగిరే ఆ నీడ మాత్రం నేను.

రికార్డింగు రోజు సంగతి చెప్పాలి. ఒక పెద్ద ఖాళీ గది, చుట్టూ గోడల మీద ఇరవై కెమెరాలు. ఒంటికి అతుక్కుపోయే నల్ల సూటు తొడిగి, దాని మీద గోళీకాయలంత తెల్ల గుండ్లు అతికించారు, యాభై మూడు. ఆ కెమెరాలకి మనిషి కనపడదు, గుండ్లే కనపడతాయట. గదిలో అద్దం లేదు. అద్దం లేకుండా డాన్స్ చేయటం నాకదే మొదలు. మాస్టారు పొద్దున ఒక గంట కూర్చుని, గ్లాసు కొట్టి, వేరే షూటింగ్ ఉందని వెళ్ళిపోయారు. మొత్తం ఏడు పాటలు. ప్లాట్‌ఫారం పాట ఆఖరిది. అది మొదలుపెట్టేసరికి తొమ్మిది గంటలుగా గెంతుతున్నాను. ఇంట్లో పదకొండు నెలల పిల్ల. పాలు కట్టుకుపోయి ఛాతీ రాయిలా తయారైంది. ఆ సూటు బిగుతుకి ఊపిరాడటం లేదు.

ఆ పాట పల్లవిలో గిర్రున తిరిగి కుడికాలి మీద ఆగాలి. ఆగి, ఎడమకాలిని నేలకి రాస్తూ చుట్టూ విసరాలి. మాస్టారి అడుగులన్నిట్లోకీ అందమైన అడుగు అదే, ఆయన మీద నాకెంత కోపమున్నా ఆ మాట కాదనను. సినిమాలో అది మీకు కనపడదు. సరిగ్గా అక్కడే కెమెరా హీరోయిన్ మొహం మీదకి పోతుంది. సరే, నేను తిరుగుతున్నాను. ఎడమ మడమ దగ్గర గుండు ఊడి వేలాడుతున్నట్టు తెలుస్తోంది. అది రాలితే గుండ్లన్నీ మళ్ళీ సరిచూసి, చేతులు చాచి నిలబడి కెమెరాలకి కొలతలిచ్చి, పాట మొదట్నించీ చెయ్యాలి. ఇంకో రెండు గంటలు. కాలు విసిరితే గుండు ఎగిరిపోతుంది. అంతే, ఆలోచించేలోపే ఎడమకాలు నేలకి ఆనిపోయింది. ఒళ్ళు తూలింది. చెయ్యి గాల్లోకి లేచింది. ఎలాగో ఆపుకుని పాట పూర్తిచేశాను.

"అన్నా, పల్లవి దగ్గర తప్పు పడింది. ఇంకోసారి చేస్తాను," అన్నాను.

కంప్యూటర్ ముందు కూర్చున్నతను ఆవులించాడు. "బానే ఉందక్కా. పిల్లలాడుకునే ఆట, కాళ్ళెవరు చూస్తారు?"

నేను "పోనీలే" అన్నాను. ఇంటికి పోయి పిల్లకి పాలివ్వాలి. ఆ "పోనీలే" నాదే, ఇంకొకరి మీదకి నెట్టను.

కాళ్ళెవరు చూస్తారన్నాడు కదా. కళ్ళున్న ప్రతివాడూ చూశాడు. పల్లవి నాలుగుసార్లు వస్తుంది, వాళ్ళు ఆ ఒక్కసారి తీసినదాన్నే నాలుగు చోట్లా అతికించారు. ఎడమకాలి మీద తూలితేనే పచ్చ మెరుపు. మాస్టారు చెప్పినట్టు కుడికాలి మీద నిలబడ్డవాడికి ఎర్ర గీత. అలా లక్షమంది పిల్లలు నా తప్పుని బట్టీపట్టారు. దానికి తూలుడు అని పేరు పెట్టుకున్నదీ వాళ్ళే.

మాస్టారు ఆ గేమ్ చూసిన రోజున నన్ను రిహార్సల్ హాల్‌కి పిలిపించారు. తెర మీద నీడ తూలుతున్నచోట ఆపి ఉంచారు.

"ఏంటిది? నా పాటలో కుంటికాలు పెట్టావా?"

"మాస్టారూ, గుండు ఊడిందండీ, అందుకని..."

"ఊడితే ఊడింది. కాలు నీదేగా! నడు. ఇంక ఈ హాల్లో అడుగుపెట్టావంటే మర్యాదగా ఉండదు."

గ్లాసు గోడకేసి కొట్టారు. నేను బయటికొచ్చేశాను. ఆ మాట మిగతా మాస్టార్లకి కూడా చేరింది, నాకు మళ్ళీ ఎక్కడా పని దొరకలేదు.

ఆర్నెల్లు తిరిగేసరికి తూలుడు ఊరంతా పాకింది. ఒకరోజు అన్నం తింటూ టీవీ పెడితే మాస్టారు ఇంటర్వ్యూ ఇస్తున్నారు. "ప్రేమలో పడ్డ పిల్లకి కాలు నేల మీద నిలవదు కదండీ, అందుకే అక్కడ తూలించాను," అంటున్నారు. నాకు పొలమారింది. మా ఆయన నెత్తి మీద తట్టి నీళ్ళిచ్చారు.

అయినా ఆ గేమ్ మీద నాకు కోపం రాలేదు. ఎందుకంటే మా అమ్మాయి.

దానికి ఐదేళ్ళు వచ్చాక, ఎవరో వాడి అమ్మేసిన గేమ్ పెట్టె ఒకటి కొన్నాం. సాయంత్రం నేను పని నుంచి రాగానే చెప్పులైనా విప్పనిచ్చేది కాదు. "అమ్మా, నీడ! నీడ!" అని గోల. ముందు అది, దాని వెనక నేను, తెరలో నేను. మొదట్లో అది తెర దగ్గరికి పోయి ఆ నీలం నీడని రెండు చేతులతో వాటేసుకునేది. "ఈ అమ్మే మంచిది, తిట్టదు," అనేది. నవ్వలేక చచ్చేదాన్ని. దానికి ఎడమకాలి తూలుడు నేర్పింది నేనే. మార్కులు రావాలిగా మరి. పచ్చ మెరుపు వస్తే మంచం మీదకెక్కి గెంతేది, కింది వాటావాళ్ళు చీపురు కర్రతో కప్పు మీద పొడిచేవాళ్ళు. నా బతుకులో మళ్ళీ కావాలనిపించే రోజులేవంటే అవే. ఇంకేమీ అక్కర్లేదు, ఆ ఐదేళ్ళు చాలు.

దానికి పదేళ్ళప్పుడు స్కూల్లో చెప్పుకుంది. ఆ నీడ మా అమ్మే అని. చెప్పుకోదూ మరి! క్లాసులో పిల్లలు ఊరుకోలేదు. గేమ్ చివర్లో వచ్చే పేర్లన్నీ ఎవరో రాసుకొచ్చారు. హీరోయిన్ పేరుంది, మాస్టారి పేరుంది, ఆఖరికి ఆ గదికి కరెంటు పని చేసినవాడి పేరు కూడా ఉంది. నాది లేదు. ఆ రోజు నుంచి దాన్ని "నీడ పిల్ల" అని పిలవటం మొదలుపెట్టారు. ఇంటికొచ్చి పెట్టె వైరు పీకేసింది.

"నువ్వేనని ఎక్కడ రాసుందో చూపించు," అంది.

"రాయలేదే. ఆ తూలుడు నేను పడబోతే వచ్చింది, కావాలంటే..."

"మాస్టారు టీవీలో చెప్పారుగా, ప్రేమలో పడ్డ పిల్ల అని. మధ్యలో నువ్వెక్కడ పడ్డావు?"

నోరు అచ్చం నాదే, ఎవరిననుకుంటాను? గుండు సంగతి చెప్పాను. పాల సంగతి చెప్పలేదు. నీకోసమే తప్పు చేశానని పదేళ్ళ పిల్ల నెత్తిన రుద్దుతామా? అది నమ్మలేదు. పెట్టె అటకెక్కింది. అప్పట్నుంచీ ఎప్పుడు ఆ మాటొచ్చినా ఇంట్లో యుద్ధమే. నేను నిజమంటాను, అది అబద్ధమంటుంది, నేను గరిటె విసిరేస్తాను, అది తలుపు దడేల్మని వేస్తుంది. మిగతా విషయాల్లో ఇద్దరం బాగానే ఉంటాం.

నేను పన్నెండేళ్ళుగా ఒక పెద్ద హోటల్ లాండ్రీలో పనిచేస్తున్నాను. ఇస్త్రీ చేసే రోలర్ మెషిన్లోంచి దుప్పట్లు పొగలు కక్కుతూ వస్తాయి. ఇద్దరం చెరో రెండు చెంగులూ పట్టుకుని, విదిలించి, సగానికి మడిచి, ఎదురెదురుగా నడిచొచ్చి చెంగులు కలిపి, మళ్ళీ వెనక్కి నడవాలి. రోజుకి నాలుగువందల దుప్పట్లు. నా జోడీ పొడుగక్క. ఆవిడ నా భుజం దాకా కూడా రాదు, అందుకే ఆ పేరు. ఒకరోజు ఆవిడే అంది, "నువ్వెప్పుడూ కుడికాలి మీదే ఆగుతావేంటి? ఎడమకాలు ఒట్టినే నేలకి రాస్తావు?"

అప్పటిదాకా నాకే తెలీదు. హాల్లోంచి వెళ్ళగొట్టినప్పట్నుంచీ ఆ అడుగు నన్ను వదల్లేదన్నమాట. గ్యాస్ పొయ్యి దగ్గర, బస్సు కోసం నిలబడ్డప్పుడు, దుప్పటి మడిచేటప్పుడు, నా కాలు దానంతట అదే ఆ తప్పు దిద్దుకుంటోంది. పన్నెండేళ్ళు, రోజుకి నాలుగువందల సార్లు. లెక్క మీరే వేసుకోండి.

పోయిన నెలలో స్టాఫ్ భోజనాల గదిలో ఒక పోస్టరు అంటించారు. ఆ గేమ్ వచ్చి పదిహేనేళ్ళయిందట, ఆదివారం మధ్యాహ్నం మూడింటికి మా హోటల్ పెద్ద హాల్లో సంబరమట. "నీడ వెనకున్న మనిషి మొదటిసారి మీ ముందుకు" అని పెద్ద అక్షరాలు. నాకోసం వెతుకుతున్నారేమో అనుకున్నాను. పిచ్చిదాన్ని. కిందికి చూస్తే మాస్టారి కూతురి ఫోటో ఉంది. గేమ్ తీసినప్పుడు ఆ పిల్లకి పదిహేడేళ్ళు, చదువుకుంటోంది, రికార్డింగు గది గుమ్మమైనా తొక్కలేదు. ఇప్పుడు పెద్ద డాన్స్ స్కూలు నడుపుతోంది.

"వెళ్ళి జుట్టు పట్టుకో," అంది పొడుగక్క.

"జుట్టెందుకక్కా? కాలు చాలు."

నా ఉపాయం ఏమిటంటే, పోస్టరు కింద ఇంకో వాక్యం ఉంది. కార్యక్రమం మధ్యలో ఎవరైనా వచ్చి ఆడొచ్చట. ఆ మెషిన్‌లో ఉన్న కొలతలు నావి. నా చెయ్యి పొడుగు, నా మోకాలు వంగే తీరు, నా తప్పుతో సహా అన్నీ నావే. మనుషులు అబద్ధమాడితే ఆడనీ, అది నన్ను గుర్తుపట్టి తీరుతుంది.

ఆ సాయంత్రం మా అమ్మాయితో అన్నాను. దానికిప్పుడు పదహారు.

"ఆదివారం మా హోటల్‌కి రా. అందరి ముందూ ఆడతాను. నూటికి తొంభై దాటకపోతే జన్మలో ఆ మాట ఎత్తను."

పుస్తకంలోంచి తలెత్తి నా కళ్ళలోకి చూసింది. "దాటితే?"

"దాటితే నువ్వు నమ్మాలి."

"నిజంగా ఇంక ఎత్తవా?"

"ఎత్తను."

"సరే, వస్తాను," అంది. ఆ "సరే"లో కొంచెం ఆశ ఉంది. నాకు తెలుసు, నేను కన్నతల్లిని.

నాలుగు రోజులు ప్రాక్టీసు చేశాను. దుప్పటికీ దుప్పటికీ మధ్య తూలేదాన్ని. పొడుగక్క పాట కూనిరాగం తీస్తూ, పల్లవి రాగానే "ఎడమ! ఎడమ!" అని అరిచేది. మొదటిరోజు పదిసార్లకి ఎనిమిదిసార్లు కుడికాలే పడింది. శనివారానికి పదికి పదీ ఎడమే. సూపర్‌వైజరు వచ్చి, "ఏంటమ్మా, కళ్ళు తిరుగుతున్నాయా?" అని అడిగాడు.

ఆదివారం డ్యూటీ దిగి, ఏప్రన్ విప్పి, మొహం కడుక్కుని హాల్లోకి వెళ్ళాను. బల్లల మీద పరిచిన గుడ్డలన్నీ నేను మడిచి పంపినవే. రెండొందల మంది ఉంటారు. అందరూ పాతికేళ్ళ చుట్టుపక్కల పిల్లలు, ఆదివారమైనా మెడలో ఆఫీసు కార్డులు కూడా తియ్యలేదు కొందరు. తెర మీద నీలం నీడ కనపడగానే గడ్డాలున్న మగాళ్ళు కూడా కళ్ళు తుడుచుకున్నారు. "నా చిన్నతనమంతా ఇదేరా!" అని ఒకణ్ణొకడు వాటేసుకుంటున్నారు. మీ చిన్నతనమంతా నా మోకాళ్ళ మీద నిలబడిందిరా అబ్బాయిలూ, అవి ఇప్పుడు మెట్లెక్కితే కటకటమంటున్నాయి, అని అరవాలనిపించింది. మా అమ్మాయి వెనక వరసలో కూర్చుంది. నన్ను చూసి చెయ్యి ఊపింది.

ముందు మాస్టారి కూతురు స్టేజీ ఎక్కింది. మొదటి వరసలో మాస్టారు. జుట్టు మొత్తం తెల్లబడింది. ఆ అమ్మాయి చక్కగానే చేసింది, అబద్ధమెందుకు చెప్పాలి? తొంభై ఏడొచ్చాయి. పల్లవి వచ్చినప్పుడల్లా ఎడమకాలి మీద ముద్దుగా తూలింది, ప్రతి పిల్లా గేమ్ చూసి ఎలా నేర్చుకుందో అలాగే. ఆ తర్వాత మైకు తీసుకుని, "ఈ అడుగులన్నీ మా నాన్న నా చెయ్యి పట్టుకుని నేర్పించారు," అంది. హాలంతా లేచి నిలబడి చప్పట్లు కొట్టింది.

ఇంకెవరైనా ఆడతారా అని యాంకరమ్మాయి అడిగింది. నేను స్టేజీ ఎక్కాను.

"ఆంటీ! సూపర్! మీరూ చిన్నప్పుడు ఆడేవారా?"

"లేదమ్మా. ఇందులో నీడ నేనే," అన్నాను మైకులో.

హాలంతా ఒకటే నవ్వు. ఎగతాళి కూడా కాదు. నేనేదో జోకేశాననుకుని ముచ్చటగా నవ్వారు. మాస్టారు నవ్వలేదు. నన్ను గుర్తుపట్టారు, ఆయన మొహంలో రంగు మారింది. మా అమ్మాయి తల దించుకుంది.

పాట మొదలైంది. పల్లవికి ముందొచ్చే మ్యూజిక్ అంతా పచ్చగా మెరిసిపోయింది. చేతులకి వయసు రాదు. వెనక నుంచి ఈలలు. మా అమ్మాయి తలెత్తటం, ముందుకి జరిగి కూర్చోవటం ఓరకంట చూశాను. ఎడమ, ఎడమ, అనుకుంటూ పల్లవిలోకి తిరిగాను.

అప్పుడు వినపడింది. టక్, టక్, టకటక్.

మాస్టారి చేతిలో నీళ్ళ గ్లాసు ఉంది. ఉంగరంతో కొడుతున్నారు. కావాలని కొట్టారో, అలవాటుకొద్దీ వేలు ఆగలేదో నాకిప్పటికీ తెలీదు. నేను కుడికాలి మీద ఆగాను. ఆగి, ఎడమకాలిని నేలకి రాస్తూ చుట్టూ విసిరాను. పదిహేనేళ్ళ తర్వాత ఆ అడుగు ఎక్కడ పడాలో అక్కడ పడింది. ఒళ్ళంతా హాయిగా అనిపించింది, దాచుకోవటం దేనికి?

తెర మీద ఎర్ర గీత.

"అయ్యో ఆంటీ!" అన్నారెవరో. రెండో పల్లవికి పళ్ళు బిగబట్టి ఎడమ అనుకున్నాను. టకటక్. కుడి. ఎర్ర గీత. మూడోసారికి కోపం వచ్చి చేతులు కూడా తప్పాను. నాలుగోసారి ఏ కాలు పడిందో చూసుకోలేదు, గీత మాత్రం ఎర్రగానే పడింది. పాట ఆగింది. నూటికి అరవై నాలుగు.

"ఆంటీకి తూలుడొక్కటే రాలేదు, పాపం!" అంది యాంకరమ్మాయి. "అయినా ఆంటీ ఉత్సాహానికి గట్టిగా చప్పట్లు!"

గట్టిగానే కొట్టారు. ఆ చప్పట్ల మధ్యలోంచి దిగి, పక్క తలుపు తోసుకుని, సామాన్లు తెచ్చే దారిలోకి వెళ్ళి దుప్పట్ల బండి పట్టుకుని నిలబడ్డాను. నా తప్పు నాకే చేతకాలేదు. తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది.

తలుపు మళ్ళీ తెరుచుకుంది. మాస్టారు. ఒక్కరే వచ్చారు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"ఇన్నాళ్ళకి నా అడుగు నాకు కనపడింది," అన్నారు. "ప్రపంచమంతా ఆ తూలుడే వేస్తోంది. నా కూతురు కూడా. నువ్వొక్కదానివే నేను చెప్పినట్టు వేశావు."

"అయితే లోపలికి రండి. ఆ మాట మైకులో చెప్పండి."

"ఏమని చెప్పమంటావమ్మా? తూలుడు నాది కాదు, ఇదిగో ఈవిడ పడబోయింది అనా? మా పిల్ల స్కూలు ఆ పేరు మీదే నడుస్తోంది. ఇప్పుడు నేను నోరు విప్పితే అది తలెత్తుకు తిరగగలదా?"

"నా పిల్ల కూడా ఆ హాల్లోనే ఉందండీ. అది తలెత్తుకోలేక ఆరేళ్ళయింది."

పన్నెండేళ్ళుగా నేను ఎవరినీ బతిమాలింది లేదు. ఆ రోజు బతిమాలాను.

"మైకు వద్దు, పేరు వద్దు, ఏమీ వద్దు మాస్టారూ. మా అమ్మాయి ఒక్కదానికి చెప్పండి. ఒక్క మాట. అది బయట ఎవరితోనూ అనదు, నాదీ పూచీ."

ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. తల ఊపారు. ఔను, ఊపారు, నేను చూశాను. అంతలో తలుపు తోసుకుని మా అమ్మాయే వచ్చింది. నన్నూ, ఆయన్నీ మార్చి మార్చి చూసింది. చెప్పండి, అన్నట్టు ఆయన వైపు చూశాను.

మాస్టారు దాని తల మీద చెయ్యి వేశారు.

"మీ అమ్మకి డాన్సంటే ప్రాణం తల్లీ," అన్నారు. "జాగ్రత్తగా చూసుకో." కళ్ళజోడు పెట్టుకుని లోపలికి వెళ్ళిపోయారు. తలుపు సందులోంచి మళ్ళీ ఆ పాట, చప్పట్లు వినపడ్డాయి.

"ఆయన ఒప్పుకున్నాడే!" అన్నాను. నా గొంతు నాకే కీచుగా వినపడింది. "ఇప్పుడే, నువ్వు రాకముందే! నేను వేసిందే అసలు అడుగట, ప్రపంచంలో నేనొక్కదాన్నే సరిగ్గా వేశానట! కుడికాలే కరెక్టు, అది మెషిన్‌కి తెలీదు..."

చెప్తుంటేనే నాకు అర్థమైంది అది ఎలా వినపడుతోందో. అరవై నాలుగు తెచ్చుకుని, తప్పు మెషిన్‌దే అంటున్నాను.

పందెం ఓడిపోయాను. ఎప్పటిలా అరుస్తుందనుకున్నాను. "రెండొందల మందిలో నా పరువు తీశావు," అంటుందనుకున్నాను. ఏం జవాబు చెప్పాలో కూడా వెతుక్కుంటున్నాను. అదేమో బండి మీంచి నా సంచీ తీసి తన భుజానికి తగిలించుకుంది. నా చెదిరిన జుట్టు చెవి వెనక్కి సర్దింది. నేను దానికి చిన్నప్పుడు సర్దినట్టే.

"మంచినీళ్ళు తాగుతావా అమ్మా?"

"నేను చెప్పేది నిజమే."

"నాకు తెలుసు. ఆ నీడ నువ్వే. నేను నమ్ముతున్నానులే," అంది మెల్లగా, ఒక్కో మాటా విడదీసి. "ఇంక దాని గురించి అనుకోకు. పద, ఇంటికెళ్దాం."

రోడ్డు దాటేటప్పుడు నా మోచెయ్యి పట్టుకుంది. అలా ఎప్పుడూ పట్టుకోదు. కూరలో ఉప్పు సరిపోయిందని నేనంటే కూడా సరిపోలేదని వాదించే పిల్ల. అబద్ధమను, గట్టిగా అరువు, తలుపు దడేల్మని వెయ్యి, అని దాని కాళ్ళు పట్టుకోవాలనిపించింది. అది నాతో పోట్లాడినన్నాళ్ళూ, నిజమేనేమో అన్న అనుమానం దాని మనసులో ఏదో ఒక మూల ఉండేది. ఇప్పుడు ఆ అనుమానం కూడా లేదు.